ఫారం-19 నుంచి లెక్కింపు బల్ల దాకా: ఉపాధ్యాయ ఎమ్మెల్సీ ఎన్నికలో నా అనుభవం

ఆంధ్రప్రదేశ్ శాసన మండలిలో 58 స్థానాలుంటే, అందులో ఉపాధ్యాయులు నేరుగా ఎన్నుకునేవి ఐదే. వాటిలో ఒకటి ఉమ్మడి ప్రకాశం, నెల్లూరు, చిత్తూరు జిల్లాలది. దాన్ని వాడుకలో తూర్పు రాయలసీమ నియోజకవర్గం అంటారు గానీ, ఒంగోలు, కావలి, కందుకూరు వాళ్లం రాయలసీమ వాళ్లం ఎప్పుడయ్యామని మా స్టాఫ్‌రూముల్లో ప్రతి ఎన్నికకూ ఒకరైనా నవ్వుతూ అడగకుండా ఉండరు. 2023 మార్చిలో ఈ స్థానానికి జరిగిన ఎన్నికలో నేను ఓటరుగా నమోదు కావడం, తోటివారిని నమోదు చేయించడం, ఓటు వేయడం, ఆ తర్వాత ఒక అభ్యర్థి తరఫున లెక్కింపు బల్ల దగ్గర కూర్చోవడం, ఇవన్నీ వరసగా జరిగాయి. బడిపంతులు ఒకడు శాసనకర్త కావడమంటే ఏమిటో అంతకుముందు ముప్పై ఏళ్లు సంఘ సమావేశాల్లో విన్నదాని కంటే ఈ కొద్ది నెలల్లో నాకు ఎక్కువ తెలిసింది.

నేను కందుకూరు డివిజన్‌లోని జిల్లాపరిషత్ హైస్కూళ్లలో సోషల్ చెప్పి 2021 మధ్యలో రిటైరయ్యాను. పదవీ విరమణ వయసును 60 నుంచి 62కు పెంచే నిర్ణయం మరుసటి ఏడాది జనవరిలో వచ్చింది కాబట్టి, ఆరేడు నెలల తేడాతో రెండేళ్ల సర్వీసు పోయిందని ఇంట్లో ఇప్పటికీ అంటుంటారు. 2022 ఏప్రిల్ 4న జిల్లాల పునర్విభజన జరిగి కందుకూరు ప్రకాశం నుంచి నెల్లూరు జిల్లాలోకి వెళ్లింది. కలెక్టరేటు ఒంగోలు నుంచి నెల్లూరుకు మారినా మండలి నియోజకవర్గం మాత్రం పాత మూడు జిల్లాల హద్దులతోనే ఉండిపోయింది.

నేను ఉద్యోగంలో చేరిన 1989లో రాష్ట్రంలో శాసన మండలి లేదు. 1958లో ఏర్పడిన మండలిని 1985లో రద్దు చేశారు. మళ్లీ 2007లో పునరుద్ధరించారు. అంటే నా సర్వీసులో మొదటి పద్దెనిమిదేళ్లూ ఉపాధ్యాయుల గొంతు చట్టసభలో వినిపించాలంటే, ఎవరో ఒక ఎమ్మెల్యేని బతిమాలుకుని ప్రశ్న వేయించుకోవాల్సిందే. 2020 జనవరిలో మండలిని రద్దు చేయాలని శాసనసభ మరోసారి తీర్మానించి కేంద్రానికి పంపింది. 2021 నవంబరులో ఆ తీర్మానాన్ని వెనక్కి తీసుకుంది. ఉందో ఊడుతుందో తెలియని సభకు ప్రతినిధిని ఎన్నుకోవడం ఎందుకని వాదించినవాళ్లు మా సంఘంలోనూ ఉన్నారు. ఉన్నంతకాలం వాడుకోవాలన్నది నా వాదన.

ఈ స్థానం నుంచి మండలికి వెళ్లిన విఠపు బాలసుబ్రహ్మణ్యంగారి ప్రయాణాన్ని మేమంతా దగ్గరగా గమనించాం. ఉపాధ్యాయ సంఘాల మద్దతుతో పనిచేసే పీడీఎఫ్ (ప్రోగ్రెసివ్ డెమోక్రటిక్ ఫ్రంట్) తరఫున ఆయన మండలిలో కూర్చున్నారు. 2017లో మరోసారి ఇక్కడి నుంచే గెలిచారు. 2021లో ఛైర్మన్ షరీఫ్‌గారి పదవీకాలం ముగిశాక ప్రొటెం (తాత్కాలిక) ఛైర్మన్‌గా సభను నడిపింది ఆయనే. ఆ నవంబరులో కొయ్యే మోషేన్‌రాజుగారు ఛైర్మన్‌గా ఎన్నికయ్యేదాకా ఆ బాధ్యతలో ఉన్నారు. ఉపాధ్యాయ ఉద్యమంలో నలిగినవాడు అధ్యక్ష స్థానంలో కూర్చుని అధికారపక్షాన్నీ ప్రతిపక్షాన్నీ ‘కూర్చోండి’ అంటుంటే టీవీలో చూసి మా వాళ్లు పొంగిపోయారు. ఇంటిపేరు వరకు చూసుకుంటే ఈ వరస మా ప్రాంతానికి కొత్తకాదు: నెల్లూరు జిల్లా సర్వేపల్లిని ఇంటిపేరుగా మోసిన రాధాకృష్ణన్‌గారు అధ్యాపకత్వం నుంచి రాజ్యాంగ సభకు, తర్వాత ఉపరాష్ట్రపతిగా రాజ్యసభ అధ్యక్ష స్థానానికి వెళ్లిన మనిషే కదా.

కానీ ఇలాంటి ప్రయాణం మొదలయ్యేది ఉపన్యాస వేదిక మీద కాదు, తహసీల్దారు కార్యాలయంలో ఫారాలు తీసుకునే కిటికీ దగ్గర. సాధారణ ఎన్నికల్లో ఓటరు జాబితాలో ఒకసారి పేరు చేరితే ఉండిపోతుంది. మార్పులు చేర్పులు మాత్రమే జరుగుతాయి. ఉపాధ్యాయ, పట్టభద్ర నియోజకవర్గాల్లో అలా కాదు. ప్రతి ఎన్నికకూ జాబితాను మొదటి నుంచి తయారుచేస్తారు. పోయినసారి ఓటు వేసినవాడైనా మళ్లీ దరఖాస్తు పెట్టకపోతే వాడి పేరు ఉండదు. ఈ ఒక్క సంగతి తెలియక ఓటు పోగొట్టుకునే టీచర్లు ప్రతిసారీ కనబడతారు. పాఠాల్లో ఓటు హక్కు గురించి చెప్పేవాళ్లే ఇలా అయితే ఎలా అని నాకు కోపం వచ్చేది, ఇప్పటికీ వస్తుంది.

2022 అక్టోబరు 1న బహిరంగ ప్రకటన వెలువడింది. అర్హత తేదీ నవంబరు 1. దరఖాస్తులకు గడువు నవంబరు 7. పట్టభద్రులకు ఫారం-18, మాకు ఫారం-19. ఆ ఫారంలో పేరు, తండ్రి లేదా భర్త పేరు, వయసు, నివాసం, ఓటరు గుర్తింపు కార్డు సంఖ్య, ఏయే సంస్థలో ఏ తేదీ నుంచి ఏ తేదీ దాకా బోధించారన్న వివరం, ఫొటో, సంతకం ఉండాలి. వీటన్నిటికీ మించి, గడిచిన ఆరేళ్లలో మొత్తం మీద మూడేళ్లకు తగ్గకుండా బోధించినట్లు సంస్థాధిపతి ఇచ్చే ధ్రువపత్రం జతచేయాలి. ఆ ఆరేళ్లు అర్హత తేదీ నుంచి వెనక్కి లెక్కించాలి. చట్టం కోరేది ఇంతే. ఇప్పుడు పాఠం చెబుతూ ఉండాలన్న నిబంధన లేదు, పనిచేసిన ఊళ్లోనే దరఖాస్తు పెట్టాలని కూడా లేదు. నివాసం ఈ నియోజకవర్గంలో ఉంటే చాలు.

రిటైరై ఏడాది దాటినా నాకు అర్హత ఉందన్న విషయం ఇలాగే తెలిసింది. 2016 నవంబరు నుంచి లెక్కేస్తే నేను నాలుగేళ్లకు పైగా తరగతి గదిలోనే ఉన్నాను. ధ్రువపత్రం కోసం పాత బడికి వెళితే, కొత్తగా వచ్చిన హెడ్‌మాస్టరుగారు సర్వీసు రిజిస్టరు జిరాక్సు చూసి, కాసేపు పెన్ను పట్టుకుని ఆలోచించి, “సార్, రిటైరైనోళ్లకి ఇవ్వొచ్చో లేదో, నన్ను ఇరికించబోకండి” అన్నారు. నేను సంచిలోంచి నిబంధన ప్రతి తీసి బల్ల మీద పెట్టాను. ఆయన రెండుసార్లు చదివి, సీలు వేసి, “అయితే మా బావ కూడా పోయినేడే రిటైరయ్యాడు, ఆయనకి చెప్పాల” అన్నారు. ఆ బావగారి చేత కూడా ఆ వారమే ఫారం పెట్టించాం.

విడివిడిగా ఇచ్చే దరఖాస్తులతో పాటు, సంస్థాధిపతి తన సిబ్బంది దరఖాస్తులన్నీ కలిపి పంపించే వీలుంది; బయటివాళ్లెవరైనా కట్టలు కట్టలుగా తెచ్చి ఇస్తే తీసుకోరు. నేను చేసిన పని కాబట్టి సూటిగా చెబుతాను: బడి బడికీ తిరిగి ఫారాలు పంచడం, నింపడంలో తప్పులు దిద్దడం, హెడ్‌మాస్టరు చేత ధ్రువపత్రం మీద సంతకం పెట్టించడం, అందరి కాగితాలూ ఆయన చేతే పంపించడం. గుడ్లూరు, ఉలవపాడు, లింగసముద్రం వైపు బడులకు స్కూటరు మీద తిరిగాను. ప్రభుత్వ బడుల్లో ఇది తేలికే. ఒక ప్రైవేటు హైస్కూల్లో మాత్రం ఎనిమిదేళ్లుగా పాఠాలు చెబుతున్న తెలుగు పండితురాలికి ధ్రువపత్రం ఇవ్వడానికి యాజమాన్యం ఒప్పుకోలేదు. ఇన్నేళ్ల సర్వీసు ఉన్నట్లు కాగితం మీద రాస్తే, రేపు పీఎఫ్ గురించో జీతం స్కేలు గురించో అడుగుతుందన్నది వాళ్ల భయం. ఆమె గడువు దాకా తిరిగి తిరిగి విసుగెత్తి మానేసింది. ఉపాధ్యాయుడంటే ఎవరో చట్టసభకు చెప్పాల్సిన అవసరం ఎంత ఉందో అనుకున్నాను. ఎనిమిదేళ్లు బడిలో నిలబడి పాఠం చెప్పిన మనిషి ఉపాధ్యాయురాలని ఒక యజమాని సంతకం పెడితేనే రుజువవుతుంది.

దీనికంటే పెద్ద అన్యాయం చట్టంలోనే ఉంది. సెకండరీ స్థాయికి తగ్గని విద్యాసంస్థల్లో బోధించేవారికే ఓటు అని రాజ్యాంగంలోని 171వ అధికరణం చెబుతోంది. హైస్కూలు టీచర్లు, జూనియర్ కాలేజీ, డిగ్రీ కాలేజీ, పాలిటెక్నిక్, ఇంజినీరింగ్ కాలేజీ అధ్యాపకులు ఈ లెక్కలోకి వస్తారు. ప్రాథమిక పాఠశాలలో అ ఆలు దిద్దించే సెకండరీ గ్రేడ్ టీచరు (ఎస్జీటీ) రారు. ఆ ఏడాది జూన్‌లో వచ్చిన 117 నంబరు జీవో ప్రకారం చాలాచోట్ల మూడు, నాలుగు, ఐదు తరగతుల్ని హైస్కూళ్లలో కలిపినప్పుడు, అదే ఆవరణలో అదే పిల్లలకు చెప్పే ఇద్దరు టీచర్లలో ఒకరికి ఓటు ఉండి ఇంకొకరికి లేకపోవడం కొన్ని బడుల్లో ఎదురైంది. ఒక ఎస్జీటీ అయితే, “మా సమస్యల మీద ఓట్లు అడుగుతారు సార్, మా ఓట్లు మాత్రం అడగరు” అన్నాడు. ఆ మాటకు నా దగ్గర సమాధానం లేదు.

నవంబరు 23న ముసాయిదా జాబితా వచ్చింది. డిసెంబరు 9 దాకా అభ్యంతరాలు, 30న తుది జాబితా. ముసాయిదా చూసుకోవడం అన్నది ఎవరూ చేయని పని. నేను మండలాలవారీగా జాబితా ఫైళ్లు ఫోనులోకి దించుకుని, మేము పంపిన పేర్లు ఒక్కొక్కటీ సరిచూశాను. తండ్రి పేరు చోట ఊరి పేరు పడ్డవి, ఒకే మనిషి రెండు మండలాల్లో కనబడినవి, ధ్రువపత్రం అందలేదని తిరస్కరించినవి దొరికాయి. తిరస్కరించినవాటిలో ఎక్కువ శాతం కాగితం నిజంగానే జతచేయనివి. కొన్ని మాత్రం కార్యాలయంలోనే విడిపోయినవి. రసీదు చూపిస్తే మళ్లీ చేర్చారు. చదువు చెప్పే మనుషులకు ఓపిక ఉండాలంటారు గానీ, ఆ ఓపిక బడి గేటు దాటగానే చాలామందికి ఆరిపోతుందని నా అభిప్రాయం.

ఇక అభ్యర్థుల సంగతి. ఈ నియోజకవర్గంలో ఓటరు ఉపాధ్యాయుడై ఉండాలి; అభ్యర్థి ఉపాధ్యాయుడు కానవసరం లేదు. ముప్పై ఏళ్లు నిండి, రాష్ట్రంలో ఏదో ఒక అసెంబ్లీ నియోజకవర్గంలో ఓటరుగా ఉంటే సరిపోతుంది. నామినేషన్‌ను బలపరచడానికి ఈ నియోజకవర్గపు ఓటర్లు పదిమంది సంతకం చేయాలి. డిపాజిట్టు పదివేలు, ఎస్సీ ఎస్టీలకు ఐదువేలు. అసెంబ్లీ, పార్లమెంటు అభ్యర్థులకు ఉన్న ఖర్చు పరిమితి మండలి అభ్యర్థులకు చట్టంలో లేదు. ఈ రెండు వసతులూ కలిస్తే ఏమవుతుందో చెప్పనక్కర్లేదు. విందులు ఏర్పాటుచేసినవాళ్లను చూశాం, డైరీలు, సంచులు పంచినవాళ్లను చూశాం. టీచర్లు తీసుకోలేదని నేను చెప్పను.

మా మిత్రుడొకడు, భౌతికశాస్త్రం చెప్పి రిటైరైన మనిషి, ఏ పార్టీ, ఏ సంఘం అండా లేకుండా స్వతంత్రంగా నిలబడ్డాడు. ఎందుకు నిలబడ్డావురా అంటే, “ముప్పై ఐదేళ్లు జీవోలు చదివి అందరికీ అర్థం చెప్పాను, ఇప్పుడు రాసేవాళ్ల దగ్గరికి వెళ్లి అడుగుదామని” అన్నాడు. గెలుస్తాడని వాడికీ లేదు, నాకూ లేదు. ఇద్దరం కలిసి మధ్యాహ్న భోజన విరామంలో స్టాఫ్‌రూములకు వెళ్లేవాళ్లం. వాడి ప్రసంగం ఐదు నిమిషాలు మించేది కాదు. 2004 సెప్టెంబరు 1 నుంచి చేరినవాళ్లకు వర్తిస్తున్న సీపీఎస్ (కాంట్రిబ్యూటరీ పింఛను పథకం) గురించి ఒక మాట, 2022 ఫిబ్రవరి 3న విజయవాడకు ఉద్యోగులు, టీచర్లు పోటెత్తడానికి కారణమైన పదకొండో పీఆర్సీ (వేతన సవరణ), అందులోని 23 శాతం ఫిట్‌మెంటు (జీతం పెంపు) గురించి ఒక మాట, ముఖ హాజరు యాప్‌తో పొద్దున్నే సిగ్నల్ కోసం చెట్టు కిందికి పరుగెత్తే పరిస్థితి గురించి ఒక మాట చెప్పి ఆపేవాడు. యాప్ మాట ఎత్తగానే నిద్రమొహాలు లేచేవి. ఉద్యోగంలో ఉన్న టీచర్లు మాతో తిరగడానికి వీల్లేదు. ప్రవర్తనా నియమావళి ఒప్పుకోదు. పోలింగు ఏజెంటుగానో లెక్కింపు ఏజెంటుగానో కూర్చుంటే అది ప్రభుత్వోద్యోగికి ఎన్నికల చట్టం కింద శిక్షార్హమైన నేరం. అందుకే ఇలాంటి అభ్యర్థులకు దొరికే కార్యకర్తలంతా మాలాంటి తెల్లవెంట్రుకలవాళ్లే.

తిరిగినన్ని రోజుల్లో నాకు స్పష్టమైంది ఒకటుంది. బోధన నుంచి చట్టసభలకు వెళ్లే దారులు మా దగ్గర రెండు. ఒకటి సంఘంలో పనిచేసి, బదిలీల కౌన్సెలింగుల దగ్గర రాత్రుళ్లు కూర్చుని, ధర్నాల్లో అరెస్టులై పేరు తెచ్చుకున్న ఉపాధ్యాయుడి దారి. రెండోది కాలేజీలు, స్కూళ్లు స్థాపించి, వందలమందికి ఉద్యోగం ఇచ్చి, ఆ పలుకుబడితో పార్టీల్లోకి వెళ్లే విద్యాసంస్థల అధిపతి దారి. నెల్లూరులో రెండోదానికి తెలిసిన ఉదాహరణ పొంగూరు నారాయణగారే: ట్యూషన్లతో మొదలుపెట్టి విద్యాసంస్థల సమూహాన్ని నిర్మించి, 2014లో రాష్ట్ర పురపాలక మంత్రి అయ్యారు, అప్పట్లో మండలి సభ్యుడిగా ఉండేవారు. ఈ రెండు దారులవాళ్లూ విద్యారంగం నుంచి వచ్చినవాళ్లే గానీ, జీతం అందుకున్న వైపు నుంచి ఒకరు, జీతం ఇచ్చిన వైపు నుంచి ఒకరు. ఏ దారిన వచ్చినా ఒకటే అడగాలని నేను అందరికీ చెప్పేవాణ్ణి: సభలో అడిగే ప్రశ్నకు జీవో నంబరు, తేదీ ఉంటాయా, వచ్చిన జవాబును రాతపూర్వకంగా తెచ్చి మాకు చూపిస్తాడా?

మార్చి 13న పోలింగు, ఉదయం ఎనిమిది నుంచి సాయంత్రం నాలుగు దాకా. పోలింగు కేంద్రాలు మండల కేంద్రాల్లో ఉంటాయి కాబట్టి పల్లెల్లోని టీచర్లు బైకుల మీద, ఆటోల్లో వచ్చారు. జీవితమంతా ఇతరుల ఎన్నికలు నడిపినవాళ్లు, చేతిలో పెట్టె లేకుండా వరసలో నిలబడడం చూస్తే వింతగా ఉంటుంది. లోపల పోలింగు అధికారి ఒక కాగితం ఎక్కడ పెట్టాలో వెతుక్కుంటుంటే వరసలోంచి ముగ్గురు ఒకేసారి చెప్పారు. బ్యాలెట్ పేపరు మీద పార్టీ గుర్తులుండవు. పేర్లు, ఫొటోలు ఉంటాయి. మరుగులో బల్ల మీద దారంతో కట్టిన ఊదారంగు స్కెచ్ పెన్ను ఉంటుంది, దాంతోనే రాయాలి. ఇష్టమైన పేరు ఎదురుగా 1, ఆ తర్వాత వరస ప్రకారం 2, 3 అని ఎంతమందికైనా వేసుకోవచ్చు. 1 లేకపోతే ఓటు చెల్లదు. మిగతావి వేయకపోయినా చెల్లుతుంది. నేను చివరి పేరు దాకా అంకెలు వేశాను. ఎక్కువమంది ఒక్కటితో ఆపేస్తారని అప్పటికి నేను ఊహించలేదు.

లెక్కింపు మార్చి 16న చిత్తూరులో. మొదట ఏ పెట్టెలో ఎన్ని పత్రాలున్నాయో లెక్క సరిచూస్తారు. ఎవరికి పడిందో చూడకుండానే యాభైకి ఒక కట్ట కడతారు. అన్ని పెట్టెలవీ కలిపేసి బల్లలకు పంచుతారు. ఏ మండలం ఎవరికి వేసిందో తెలియకుండా ఉండడానికి ఈ ఏర్పాటు. ఆ తర్వాత అసలు పని: ఒక్కో పత్రం విప్పి, 1 ఎక్కడుందో చూసి, అభ్యర్థుల పేర్లు రాసిన గూళ్లలో వేయడం. కడ్డీల కంచెకు ఇవతల మేం. లెక్కించే ఆమె పత్రాన్ని మా వైపు తిప్పి ఒక క్షణం పట్టుకునేది, మేం తల ఊపితే గూటిలో వేసేది. అనుమానం ఉంటే పక్కన పెట్టేది.

ఆ పక్కన పెట్టిన కుప్పను చూస్తే గుండె కలుక్కుమంది. ఒకరు టిక్కు పెట్టారు. ఒకరు తెలుగులో ‘ఒకటి’ అని అక్షరాలతో రాశారు. ౧ అని తెలుగు అంకె వేసినా, రోమన్ అంకె వేసినా చెల్లేది, అక్షరాల్లో రాస్తే చెల్లదు. ఒకరు ఇద్దరికీ 1 వేశారు. ఒకరు జేబులోని నీలం పెన్నుతో రాశారు. ఇంకొకరు అంకె కింద చక్కగా పొట్టి సంతకం పెట్టారు, బహుశా జవాబు పత్రాలు దిద్దిన అలవాటు కొద్దీ. ప్రశ్న పత్రం మొదట్లో ఇచ్చిన సూచనలు చదవరని పిల్లల మార్కులు కోసే మనుషులు వీళ్లంతా.

చెల్లిన ఓట్లలో సగానికి ఒకటి కలిపితే అది కోటా. మొదటి ప్రాధాన్య ఓట్లతో కోటా ఎవరికీ రాలేదు. అప్పుడు అట్టడుగున ఉన్న అభ్యర్థిని తొలగించి, అతని పత్రాలు తీసి, వాటిలో 2 ఎవరికి ఉందో చూసి వాళ్లకు చేరుస్తారు. ఆ 2 ఉన్నవాడు అప్పటికే పోటీలోంచి పోయుంటే 3 చూస్తారు. ఎవరో ఒకరు కోటా చేరేదాకా, లేదా ఒక్కరే మిగిలేదాకా ఇది సాగుతుంది. మా మిత్రుడి వంతు తొందరగానే వచ్చింది. అధికారి వాడి పేరు చదివి తొలగించినట్లు ప్రకటించాక, వాడి కట్టలు మళ్లీ బల్ల మీదికి వచ్చాయి. నేను లేచి నిలబడి చూశాను. వాడికి 1 వేసినవాళ్లు 2 ఎవరికి వేశారో ఒక్కొక్కటీ కనిపిస్తుంటే, మేం వెళ్లిన స్టాఫ్‌రూములు గుర్తొస్తున్నాయి. ఒక పత్రంలో 2 ఒక పార్టీ బలపరిచిన అభ్యర్థికి, దాని కిందిదాంట్లో పూర్తిగా ఎదుటి పక్షానికి. అందులో సిద్ధాంతం వెతికితే దొరకదు. చాలా పత్రాల్లో 1 తప్ప ఏమీ లేదు. వాటిని ‘ఇక ప్రాధాన్యం లేనివి’గా ఒక పక్కకు పెట్టారు, పోటీలో మిగిలినవాళ్లెవరికీ అవి ఉపయోగపడవు. “రెండో ఓటు ఎవరికీ వేయొద్దు, మనోడికి నష్టం” అని అభ్యర్థుల మనుషులు ప్రచారం చేసిన ఫలం ఇది. అది అబద్ధం కూడా: మొదటి ప్రాధాన్యం ఇచ్చినవాడు పోటీలో ఉన్నంతవరకూ ఆ పత్రం వాడిదే, 2 వైపు ఎవరూ చూడరు. ఈ చిన్న లెక్క బోధించుకోలేకపోవడం వల్ల, తొలగిపోయినవారి మద్దతుదారుల్లో చాలామందికి చివరి నిర్ణయంలో భాగం లేకుండా పోయింది.

ఆ రాత్రంతా లెక్కింపు సాగింది. చివరకు నెల్లూరులో విద్యాసంస్థలు నడిపే పర్వతరెడ్డి చంద్రశేఖర్‌రెడ్డిగారు వైఎస్సార్‌సీపీ అభ్యర్థిగా గెలిచారు. ఇక్కడి పట్టభద్రుల స్థానం టీడీపీ అభ్యర్థి కంచర్ల శ్రీకాంత్‌గారికి వెళ్లింది. మండలిలో అంతకుముందు ఈ రెండు స్థానాల్లోనూ పీడీఎఫ్ సభ్యులే ఉండేవారు. ఉపాధ్యాయ స్థానం విఠపుగారిదైతే పట్టభద్రులది యండపల్లి శ్రీనివాసులురెడ్డిగారిది. సంఘం దారిలోంచి సంస్థల దారికి మా స్థానం మారిందన్నమాట. మా సంఘంలో దీన్ని డబ్బు గెలుపని కొందరు కొట్టిపారేశారు. నేను అంత తేలిగ్గా అనలేను. ప్రైవేటు సంస్థల్లో పనిచేసే ఉపాధ్యాయులు కూడా ఓటర్లే. వాళ్ల దగ్గరికి సంఘాలు ఎన్నేళ్లుగా వెళ్లాయి, వాళ్ల జీతాల మీద ఎన్ని ధర్నాలు చేశాయి అన్నది కూడా లెక్కలోకి తీసుకోవాలి.

మా మిత్రుడు డిపాజిట్టు పోగొట్టుకున్నాడు. చెల్లిన ఓట్లలో ఆరో వంతు రాకపోతే అది తిరిగిరాదు. వాడేమీ కుంగిపోలేదు. ఇప్పుడు మండలి సమావేశాలు మొదలయ్యే ముందు, వెలగపూడిలో ఏ సభ్యుడు కలిసినా ఇవ్వడానికి, బిల్లులు పెండింగులో పడ్డవాళ్ల వివరాలు, జీవో ప్రతులు, అడగాల్సిన ప్రశ్న ముసాయిదాతో సహా తయారుచేసి పంపిస్తుంటాడు. ఏ పార్టీ సభ్యుడన్న పట్టింపు వాడికి లేదు. ఎస్జీటీలకు ఓటు ఇవ్వాలన్న వినతిపత్రం కూడా రాశాడు గానీ, దాని మీద మండలి సభ్యులెవరూ చేయగలిగింది లేదు, రాజ్యాంగాన్ని సవరించాల్సింది పార్లమెంటే కనుక దాన్ని ఎంపీలకు పంపించు అని నేనే చెప్పాను. పంపించాడు.

సభ్యుడి పదవీకాలం ఆరేళ్లు కాబట్టి 2029లో మళ్లీ ఎన్నిక, 2028 చివర్లో మళ్లీ కొత్త జాబితా. ఆ ఆరేళ్ల కిటికీలో నేను బోధించిన రోజు ఒక్కటీ ఉండదు గనక ఉపాధ్యాయ నియోజకవర్గంలో నా ఓటు 2023తోనే సరి. పట్టభద్రుడిగా ఫారం-18 పెట్టుకోవచ్చు. ఓటు లేకపోయినా ఉపాధ్యాయ స్థానానికి పోటీ చేసే హక్కు మాత్రం చట్టం నాకు ఉంచింది. మా మిత్రుడు ఈ మాట విన్నప్పటి నుంచీ నా వెంటపడుతున్నాడు. వాడికీ అప్పటికి ఓటు ఉండదు కాబట్టి నామినేషన్ మీద సంతకం పెట్టే పదిమందిలో వాడు చేరలేడు. ఆ పదిమందినీ, వాళ్లంతా గడువులోగా ఫారం-19 పెట్టారో లేదో చూసుకుని మరీ, అప్పటికి ఓటున్నవాళ్లలోనే వెతుక్కోవాలి.